ఇద్దరూ గెలిచే గది

మా గోగులపాడు కోర్టు ఆవరణలో ఉన్న మధ్యవర్తిత్వ కేంద్రంలో ఇంతవరకూ ఒక్క కేసు కూడా విఫలం కాలేదు. ఇది నేను గొప్పకు చెబుతున్న మాట కాదు. ఆ కేంద్రానికి సూపరింటెండెంటుగా జీతం తీసుకుంటున్నవాడిగా చెబుతున్నాను. అంతా మా ప్రతిభే అనుకుంటే పొరపాటు. పైనుంచి ఒక సర్క్యులర్ వచ్చింది. "విఫలము అను పదము ఉభయ పక్షములకును నిరాశ కలిగించుచున్నందున, సఫలము కాని ప్రతి మధ్యవర్తిత్వమును సఫలము కాబోవుచున్న మధ్యవర్తిత్వముగా పరిగణించి కొనసాగించవలెను. అట్లుగాక విఫలమని వ్రాయవలసి వచ్చినచో, సదరు మధ్యవర్తియు, సూపరింటెండెంటును సంజాయిషీ ఇచ్చుకొనవలెను" అని అందులో ఉంది. సంజాయిషీ ఇచ్చుకోవడం కంటే కొనసాగించడం తేలిక కాబట్టి మేము కొనసాగిస్తూ వచ్చాం.

కేంద్రం అంటే ఒక గది, ఒక వరండా. గదిలో గుండ్రటి బల్ల ఉంటుంది. మూలలున్న బల్ల దగ్గర మనుషులు చెరో మూలకూ చేరి పోట్లాడుకుంటారని శిక్షణలో చెప్పారట. ఒక గోడ మీద రెండు పావురాల పటం, ఎదుటి గోడ మీద "ఇక్కడ ఇద్దరూ గెలుస్తారు" అని నీలం అక్షరాల బోర్డు. బల్ల మధ్యలో బిస్కెట్ల డబ్బా. నోట్లో బిస్కెట్ ఉన్న మనిషి గట్టిగా తిట్టలేడన్నది మా మధ్యవర్తి గారి సొంత పరిశీలన.

మా మధ్యవర్తి పేరు మద్దిరాల సూర్యప్రకాశరావు గారు. చాలాకాలం వకీలుగా చేసి, ఎవరినీ పెద్దగా గెలిపించలేక, చివరికి అందరినీ గెలిపించే ఈ విద్య నేర్చుకోవడానికి పట్నం వెళ్ళి శిక్షణ పొంది వచ్చారు. వచ్చాక మనిషే మారిపోయారు. ఎవరేం చెప్పినా తల ఒక పక్కకు వాల్చి, "మీరు చెప్పింది నేను వింటున్నాను" అంటారు. కూరల బండివాడు వంకాయల ధర చెప్పినా అదే అంటారు. వాడు ఈయనకు వంకాయలు అమ్మడం మానేశాడు.

ఇక ఆ గదికి ఉన్న అసలు ధర్మం ఒకటుంది. అందులో అన్న మాట గడప దాటకూడదు. కోర్టుకు చెప్పకూడదు, కాగితం మీద పెట్టకూడదు. మనిషి భయం లేకుండా మనసు విప్పాలన్నది అందులోని ఉద్దేశం. ఉద్దేశం మంచిదే. మనసు విప్పినప్పుడు లోపల ఏముంటుందో మాత్రం సర్క్యులర్‌లో రాయలేదు.

శివపార్వతి కేసు మా దగ్గరికి వచ్చింది ఆ రోజుల్లోనే. మొగుడు వదిలేసి వెళ్ళాక తనకూ కూతురికీ మనోవర్తి ఇప్పించమని ఆవిడ పిటిషన్ వేసింది. మనోవర్తి కేసులన్నీ ముందు మా దగ్గరికి రావాలి. మా నివేదిక వెళ్ళేదాకా కోర్టు కాగితం ముట్టుకోదు. ఆవిడ మిరప గోడౌనులో కాయల తొడిమలు తీసే పని చేస్తుంది. రోజంతా కాయలు తుంచిన వేళ్ళు మండుతాయి గనక కళ్ళు తుడుచుకోకుండా పైటచెంగుతో అద్దుకునే అలవాటు ఆవిడది. మా మధ్యవర్తి గారు దాన్ని దుఃఖం అనుకుని మొదటిరోజే కాగితపు రుమాలు ఇచ్చారు. ఆవిడ దాన్ని మడిచి పక్కన కూర్చున్న కూతురి చేతిలో పెట్టింది. ఆ పిల్ల పేరు లోహిత. మూడో తరగతి.

"చెప్పమ్మా, నీకేం కావాలి?" అన్నారు మధ్యవర్తి గారు.

"పిల్లకి కళ్ళద్దాలు కావాల సార్. బళ్ళో బోర్డు కనపడట్లేదంట. టీచరమ్మ కబురు మీద కబురు పెడతంది. ఇంటద్దె ఆగిపోయింది. ఆయన ఇల్లొదిలి పోయినకాడ నుంచి పైసా పంపలా. నెలకింతని కోర్టోళ్ళు రాసిచ్చి ఇప్పిస్తే మా బతుకు మేం బతుకుతాం. అంతకు మించి నాకేం ఒద్దు."

"నీవు చెప్పింది నేను వింటున్నాను. నీవు కళ్ళద్దాలు అంటున్నావు. కానీ దాని వెనుక దాగిన నిజమైన అవసరం ఏమిటి?"

"బోర్డు కనపడటం సార్."

"దాని వెనుక?"

"చదువు సార్."

"దాని వెనుక?"

శివపార్వతి ఆయన్ని కాసేపు చూసి, "దాని ఎనక నేనే ఉన్నా సార్. ఇంకెవరూ లేరు," అంది.

మధ్యవర్తి గారు చాలా సంతోషించారు. శిక్షణలో కూడా ఇంత లోతుకు ఎవరూ వెళ్ళలేదట. ఆ సంతోషంలో లోహిత వైపు తిరిగి, "పాపా, ఆ గోడమీద బోర్డు చదువు చూద్దాం," అన్నారు. పిల్ల కళ్ళు చికిలించింది. మెడ ముందుకు చాచింది. ఏమీ కనపడక తల్లి మొహం చూసింది. "చూశారా, పసిహృదయం ఆ వాక్యానికి చలించిపోయింది," అన్నారు మధ్యవర్తి గారు నాతో. నాకు ప్రాణం ఉసూరుమంది. కానీ సూపరింటెండెంటుకు ఆఫీసు వేళల్లో అలాంటివి ఉండకూడదు కాబట్టి బిస్కెట్ల డబ్బా పిల్ల వైపు జరిపాను.

తరువాత భర్త వంతు. ఆయన పేరు వీరాంజనేయులు. ఇస్త్రీ చొక్కా, వేలికి లావుపాటి ఉంగరం, మంచి సెంటు వాసన. కోర్టులో వేసిన కౌంటర్లో మాత్రం తాను దినకూలీననీ, పని దొరికిన నాడు తింటాననీ, దొరకని నాడు మంచినీళ్ళు తాగి పడుకుంటాననీ ప్రమాణం చేసి చెప్పుకున్నాడు.

"నాయనా, ఇది కోర్టు కాదు. ఇక్కడ మనసు విప్పవచ్చు," అన్నారు మధ్యవర్తి గారు.

"ఈడ చెప్పింది బయటికి పోదుగా సార్?"

"ప్రాణం పోయినా పోదు."

"అట్టయితే చెప్తా." వీరాంజనేయులు కుర్చీలో వెనక్కి వాలాడు. "మనది సెంట్రింగ్ సామాను సార్. స్లాబు పోసేప్పుడు కింద ఏసే రేకులు, నిలబెట్టే జాకీలు, అన్నీ అద్దెకిస్తాం. రెండు షాపులు. ఒకటి తమ్ముడి పేరన ఉంది గానీ అదీ మనదే. మొన్ననే కాంక్రీటు మిక్సరు కొన్నా. బైపాసు పక్కన లేసే అపార్టుమెంట్లన్నిట్లో మన రేకులే. మనకేం తక్కువ సార్? ఇయ్యాలంటే ఈమెకి ఇయ్యాళే ఇయ్యొచ్చు. ఎందుకియ్యాలని ఇయ్యట్లా."

మధ్యవర్తి గారికి కళ్ళు చెమర్చాయి. ఒక మగవాడు ఇంత పారదర్శకంగా మాట్లాడటం తాను ఇదే చూడటం అన్నారు.

"అది రాయండి సార్," అంది శివపార్వతి.

"ఏది తల్లీ?"

"ఇప్పుడాయన చెప్పాడే. రెండు షాపులు, మిక్సరు. అది రాసి కోర్టుకి పంపండి. నాకింకేం ఒద్దు."

"రాయకూడదమ్మా. అది ఆయన మనమీద నమ్మకంతో చెప్పిన మాట."

"మరి కోర్టులో కూలోణ్ణని రాసిచ్చాడే?"

"అది కోర్టుమీద నమ్మకంతో చెప్పిన మాట. మనం రెంటినీ గౌరవించాలి."

ఆవిడ లేచి నిలబడింది. "ఈ రాజీ నాకొద్దు సార్. కోర్టుకే పంపిచ్చండి. జడ్జిగారే తేలుస్తారు," అంది. నాకు సంజాయిషీ కాగితం కళ్ళముందు కనిపించింది. కానీ సూర్యప్రకాశరావు గారు తొణకలేదు. ఈ గదిలో అన్న ప్రతి మాటా గోప్యమనీ, రాజీ వద్దన్న మాట కూడా ఈ గదిలోనే అన్నారు కాబట్టి అదీ గోప్యమేననీ, దాన్ని కోర్టుకు తెలియజేస్తే ఆవిడ నమ్మకాన్నే వమ్ము చేసినవాళ్ళమవుతామనీ నెమ్మదిగా వివరించారు. నేను మరో వాయిదా వేశాను.

వాయిదాలు నడిచాయి. వీరాంజనేయులు హుషారుగా వచ్చేవాడు. ఎన్నాళ్ళు మాట్లాడుకుంటే అన్నాళ్ళు ఇవ్వక్కర్లేదు గదా, ఇంతకంటే సుఖం ఏముంటుంది. వచ్చినప్పుడల్లా బిస్కెట్లు తిని, మాకు కొత్త అపార్టుమెంట్ల కబుర్లు చెప్పేవాడు. శివపార్వతి ఆ రోజు కూలి పోగొట్టుకుని వచ్చేది. ఆయన ఏదైనా అంటే చాలు, "అది రాయండి" అనేది. అంతకంటే ఎక్కువ మాట్లాడేది కాదు. ఆవిడలో సహకార ధోరణి తక్కువగా ఉందని మధ్యవర్తి గారు బాధపడ్డారు.

ఒకరోజు ఆయన కొత్త అభ్యాసం మొదలుపెట్టారు. ఒకరి బాధ ఒకరికి తెలియాలంటే ఒకరి స్థానంలో ఒకరు కూర్చోవాలట. భార్యను భర్త కుర్చీలోనూ, భర్తను భార్య కుర్చీలోనూ కూర్చోబెట్టారు. "ఇప్పుడు నీవు వీరాంజనేయులువి. నీవు శివపార్వతివి. మాట్లాడుకోండి," అన్నారు.

వీరాంజనేయులు నవ్వాపుకుంటూ గొంతు సన్నం చేశాడు. "నాకేం ఒద్దండీ. మీరు చల్లగా ఉంటే చాలు. నా తిప్పలేవో నేనే పడతా," అన్నాడు.

శివపార్వతి కుర్చీలో నిటారుగా కూర్చుంది. "నీ తిప్పలేంది పార్వతీ? పిల్ల నాది గాదా? నాకు రెండు షాపులున్నాయి. నెలనెలా పంపిస్తా. రేపు పొద్దున్నే వొచ్చి పిల్లకి కళ్ళద్దాలేపిస్తా," అంది.

లోహిత, "నిజంగానా?" అని అడిగింది. అడిగింది తండ్రిని కాదు, ఆ కుర్చీలో ఉన్న తల్లిని.

"అది రాయండి సార్," అంది శివపార్వతి, ఆ కుర్చీలోంచి లేవకుండానే.

"అబ్బే, ఇది కేవలం అభ్యాసం తల్లీ," అన్నారు మధ్యవర్తి గారు. అన్నారే గానీ, ఆయన దగ్గర ఉండే తెల్లకాగితం మీద మాత్రం, "భార్య స్థానమునుండి వెలువడిన అభిప్రాయము: తనకేమియు అక్కరలేదు" అని గుర్తు పెట్టుకున్నారు. అది గోప్యం కాదా అని నేను అడిగాను. అది మాట కాదు, పురోగతి అన్నారు.

ఇంతలో షీల్డు సంగతి వచ్చి పడింది. రాష్ట్రంలోకెల్లా ఉత్తమ కేంద్రానికి వెండిపూత షీల్డు ఇస్తారనీ, పెద్ద న్యాయమూర్తి గారు స్వయంగా వచ్చి బహూకరిస్తారనీ, అయితే ఆనాటికి ఒక్క పాత కేసు కూడా మిగిలి ఉండరాదనీ ఆదేశం. మా దగ్గర మిగిలిన పాత కేసు ఒకే ఒక్కటి. శివపార్వతిది.

షీల్డంటే సామాన్యమైన విషయం కాదు. దాని కోసం గోడకు మేకు కూడా ముందే కొట్టించాం. మధ్యవర్తి గారు ఇద్దరినీ పిలిపించి, ఎలాగైనా సంతకం పెట్టమన్నారు. శివపార్వతి ఒకటే మాట: డబ్బు సంగతి తేలందే సంతకం లేదు. వీరాంజనేయులు గదిలో ఏమీ అనలేదు. కాఫీ తాగి వస్తానని బయటికి వెళ్ళి, వరండాలో నిలబడి నన్ను కేకేశాడు.

"సూపరింటెండెంటుగారూ, ఒకసారి ఇట్టా రండి. ఇది మీ గది గాదు గదా? వరండాయే గదా?"

"వరండాయే."

"ఈడ చెప్పింది గోప్యం గాదు గదా? అయితే వినండి. నాకు రాజీ ఒద్దు. కాగితం మీద రాసిస్తా. ఫెయిలని రాసుకోండి."

అంతమంది వకీళ్ళూ, కక్షిదారులూ తిరిగే వరండాలో ఆ మాట అనేసరికి ఎవరైనా విన్నారేమోనని చుట్టూ చూశాను. ఇన్నాళ్ళూ ఆ గడపకు ఇవతల నిలబడి అనవచ్చునన్న సంగతి ఏ కక్షిదారుకూ తట్టలేదు. స్లాబులకు జాకీలు పెట్టేవాడికి ఏది తీస్తే ఏది కూలుతుందో తెలుస్తుంది కాబోలు.

మేము లోపల సమావేశమయ్యాం. భర్త ఇవ్వడు. ఇవ్వందే భార్య సంతకం పెట్టదు. సంతకం లేందే షీల్డు లేదు. కాబట్టి ఎవరో ఒకరు ఇవ్వాలి. ఈ దారిన ఆలోచిస్తూ పోతే చివరికి మేమే మిగిలాం. మధ్యవర్తి గారు, నేను, టైపిస్టు, బంట్రోతు తలా ఇంత వేసుకుని మనోవర్తి ఇవ్వడానికి తీర్మానించాం. "వివాదాన్ని స్వీకరించడమే పరిష్కారానికి పరాకాష్ట," అన్నారు మధ్యవర్తి గారు. నాకు మనసొప్పలేదు. అయినా మేకు కొట్టించి ఉన్నాం.

రాజీ పత్రం టైపు చేయించాం. శివపార్వతి మొదటినుంచి చివరిదాకా చదివింది.

"నెలనెలా ఇస్తారని రాశారు. ఎవరిస్తారో రాయలేదే?"

"అదంతా ఏర్పాటవుతుందమ్మా. ఎవరిచ్చినా నీకు అందుతుంది."

"అందుతాదని మీరు నోటితో అంటన్నారు. అది రాయండి సార్. పేరు రాయండి."

"నా పేరు రాశారో, ఫెయిలే," అన్నాడు వీరాంజనేయులు.

అప్పటికి న్యాయమూర్తి గారి కారు అతిథిగృహం దాటిందని ఫోను వచ్చింది. షామియానా కింద మైకు పరీక్షిస్తున్న కేకలు వినిపిస్తున్నాయి. మధ్యవర్తి గారు కలం తీసి, "ఈ మొత్తమునకు గోగులపాడు మధ్యవర్తిత్వ కేంద్రము పూర్తి బాధ్యత వహించును" అని చేత్తో రాసి, కింద కేంద్రం ముద్ర వేశారు. ఇద్దరూ సంతకాలు పెట్టారు. ఇన్ని వాయిదాల్లో శివపార్వతి రాయమన్నది మేము రాయడం అదే మొదలు.

సభ దివ్యంగా జరిగింది. షీల్డు ఇచ్చారు. ఫొటోలు తీశారు. సామరస్యానికి ప్రతీకగా శివపార్వతికి పావురాల పటం బహూకరించారు. ఆవిడ దాన్ని తిప్పి చూసి, "దీన్ని ఏం చేసుకోవాల?" అని నన్నడిగింది. గోడకు పెట్టుకోమన్నాను. ఇల్లుగలాయన మేకు కొట్టనివ్వడంది.

వీరాంజనేయులికి శాలువా కప్పి, ఆదర్శ భర్తగా నాలుగు మాటలు చెప్పమన్నారు. మైకు చేతికొచ్చిన మనిషికి ఎదురుగా ఊళ్ళో కాంట్రాక్టర్లంతా కూర్చుని కనిపించారు. షామియానా వేసినవాళ్ళూ, భోజనాలు పెట్టించినవాళ్ళూ వాళ్ళే మరి.

"అందరికీ నమస్కారం. రాజీలో ఉన్న ఆనందం ఇంక దేంట్లోనూ లేదండీ. ఇంకో ముక్క. మన గోగులపాడులో సెంట్రింగ్ సామాను ఎవరికి కావాలన్నా మన షాపుకే రండి. బైపాసులో ఒకటి, పాత బస్టాండు కాడ ఒకటి, రెండూ మనయ్యే. బోర్డు మీద తమ్ముడి పేరున్నా ఓనర్ని నేనే. కొత్త మిక్సరు కూడా దించాం. అద్దె విషయంలో మీతో పేచీ పెట్టుకోను," అన్నాడు. చప్పట్లు కొట్టారు. పెద్ద న్యాయమూర్తి గారు కూడా కొట్టారు. శివపార్వతి ఒక్కతే కొట్టలేదు. ఆవిడ చేతుల్లో పటం ఉంది.

సభా విశేషాలన్నీ అక్షరం పొల్లుపోకుండా పైకి పంపాలని నియమం కాబట్టి, ఆయన ప్రసంగాన్ని టైపు చేయించి పంపాం.

మా కీర్తి పాకింది. పాకకూడని చోటికి పాకింది. జిల్లాలో పెళ్ళాలను వదిలేసిన మగవాళ్ళంతా మా కేంద్రానికి రావడం మొదలుపెట్టారు. లోపలికి రారు. బిస్కెట్లు ముట్టరు. వరుసగా వరండాలో నిలబడి, "మాకు రాజీ ఒద్దు. ఫెయిలని రాసుకోండి," అంటారు. షీల్డు గోడ మీద తళతళలాడుతూ ఉంటుంది. మేము లోపలికి వెళ్ళి తలా ఇంత వేసుకుంటాం. ఆ మగవాళ్ళకు కుటుంబాల మీద బాధ్యత తీరిపోయింది. మాకు పెరిగింది.

మా ఇంట్లో అడిగారు. అడగకుండా ఎలా ఉంటారు? జీతం తారీఖున నేను చేతులూపుకుంటూ వెళితే మా ఆవిడ ప్రసూన గుమ్మంలోనే నిలబడి, "ఏవండీ, జీతమేదీ?" అంది.

"చెప్పకూడదు ప్రసూనా. అది మధ్యవర్తిత్వానికి సంబంధించిన విషయం. గోప్యం."

"ఓహో," అంది. రాత్రి భోజనానికి కూర్చుంటే ఖాళీ కంచం పెట్టింది. అన్నం వండలేదా అని అడిగాను. వండిందట. ఎక్కడుందన్నది గోప్యమట. సూర్యప్రకాశరావు గారి ఇంట్లో కూడా ఆయన చెప్పేది చాలా ఓపికగా వింటున్నారనీ, వినడం తప్ప మరేమీ చేయడం లేదనీ తెలిసింది. మరునాడు ఇద్దరం మధ్యాహ్నం బిస్కెట్లతో గడిపాం.

ఇలా ఎంతకాలం నడుస్తుంది? మొదటి నెల శివపార్వతికి ఇచ్చాం. ఆవిడ దాంతో ఇంటద్దె బకాయి కట్టింది. కళ్ళద్దాలు వచ్చే నెల అనుకుంది. వచ్చే నెల మా దగ్గర ఏమీ లేదు. ఆ పై నెలా లేదు. ఆవిడ అడగడానికి వస్తే నేను నిబంధన వివరించాను. "అమ్మా, నీ కేసు సఫలమైపోయింది. సఫలమైన కేసులో డబ్బు అందలేదని చెప్పుకోవడానికి కాలమ్ లేదు."

ఆవిడ గొంతు మొదటిసారి లేచింది. "పిల్లని బళ్ళో ముందు బల్ల మీద కూకోబెట్టినా కనపడట్లా సార్. పక్కదాని నోట్సు చూసి రాస్తంటే కాపీ కొడతందని కొట్టారంట. మీకు కాలం లేదా? నా బిడ్డకి కాలం పోతంది." అంటూనే మండే వేళ్ళతో కళ్ళు గట్టిగా తుడిచేసుకుంది. నేను కాగితపు రుమాలు ఇవ్వబోయాను. ఆవిడ తీసుకోలేదు.

తిన్నగా కోర్టుకు వెళ్ళింది. మా ముద్ర ఉన్న రాజీ పత్రం పెట్టి, బాధ్యత వహిస్తామన్న కేంద్రం బాధ్యత వహించడం లేదని అర్జీ వేసింది. రాజీ పత్రమంటే డిక్రీతో సమానమని మేమే అందరికీ చెబుతూ ఉంటాం గనక కాదనడానికి వీల్లేకపోయింది. మా తరఫున సూర్యప్రకాశరావు గారు కౌంటరు దాఖలు చేశారు. కేంద్రానికి సొంత ఆదాయం లేదనీ, ఎవరైనా ఇస్తే తింటామనీ, లేకపోతే మంచినీళ్ళు తాగి ఊరుకుంటామనీ రాశారు. చదువుతూ జడ్జిగారు, "ఈ వాక్యం నేనెక్కడో చూశాను," అన్నారట. జప్తు వారంటు ఇచ్చారు.

జప్తు చేసే కోర్టు ఉద్యోగి అమీనా గురవయ్య వచ్చి గది అంతా కలియజూశాడు. "గుండ్రటి బల్ల. ఇది ఏ ఇంటి గోడకీ ఆనదండీ, ఎవరూ కొనరు. కుర్చీలు పాతయి. బిస్కెట్లు అయిపోయినయి. ఆ, అదిగో, ఆ షీల్డు. వెండిపూత గదూ?" అని స్టూలు వేసుకున్నాడు.

మధ్యవర్తి గారు షీల్డుకూ అమీనాకూ మధ్య నిలబడ్డారు. శివపార్వతి వరండాలో వచ్చి నిలబడి ఉందని ఎవరో చెప్పగానే అక్కడికి పరుగెత్తారు.

"తల్లీ, లోపలికి రా. కూర్చుని మాట్లాడుకుందాం. నీ మనసులో ఉన్నదంతా చెప్పు, నేను వింటాను."

"నేను లోపలికి రాను సార్," అంది శివపార్వతి. "ఆ గదిలో శానా చెప్పాను. ఏం చెప్పేదైనా ఈడే నిలబడి చెప్తా. అందరూ వింటానే ఉంటారు."

"సరే, ఇక్కడే చెప్పు. నీకేం కావాలి?"

"ఆయనకి ఏమేం ఉన్నాయో రాసి, ముద్రేసి ఇవ్వండి. కోర్టులో పెట్టుకుంటా. అది ఇస్తే మీ షీల్డు నాకెందుకు? దాన్నెవరు తింటారు?"

మధ్యవర్తి గారు నలిగిపోయారు. ఒక పక్క గోప్యత, తన వృత్తికి ప్రాణం. ఇంకో పక్క షీల్డు, దాని మీద ఇప్పటికే అమీనా చెయ్యి. "ఆ గదిలో ఆయన చెప్పినది నేను చచ్చినా రాయలేను తల్లీ," అన్నారు, ఏడుపు గొంతుతో. ఆ మాట మాత్రం ఆయన నిజాయితీగానే అన్నారు.

"గదిలో చెప్పింది ఎవరు రాయమన్నారు సార్? మైకులో చెప్పింది రాయండి. షామియానా కింద చెప్పాడే, రెండు షాపులూ మనయ్యేనని. పెద్ద జడ్జిగారు చప్పట్లు గూడా కొట్టారు."

మధ్యవర్తి గారి మొహం వికసించడం నేను చాలా రోజుల తరువాత చూశాను. ఆ ప్రసంగం టైపు చేసిన కాపీ మా దగ్గరే ఉంది. పెద్ద న్యాయమూర్తి గారి సమక్షంలో చేసినదని కూడా అందులో ఉంది. ధ్రువీకరించి, ముద్ర వేసి, ఆవిడ చేతిలో పెట్టాం. గోప్యత నిలబడింది, షీల్డూ నిలబడింది. ఈ రెంటినీ నిలబెట్టే హడావిడిలో అనుకోకుండా ఆవిడకు కూడా న్యాయం జరిగే ప్రమాదం ఏర్పడింది.

రాజీ అమలు కాలేదు కాబట్టి పాత పిటిషన్‌ను కోర్టు మళ్ళీ తీసింది. వీరాంజనేయులు వకీలు లేచి, ఇది సున్నితమైన కుటుంబ విషయం కనక మధ్యవర్తిత్వానికి పంపాలని కోరాడు. జడ్జిగారు, "కేంద్రం వారు ఈవిడకు బాకీదార్లు. వారి దగ్గరికి ఎలా పంపను?" అన్నారు. ఆ కాగితం చదివారు. దినకూలీనన్న అఫిడవిట్ పక్కన పెట్టుకుని మళ్ళీ చదివారు. తల్లీ కూతుళ్ళిద్దరికీ నెలనెలా వీరాంజనేయులే ఇవ్వాలనీ, వెనకటి బకాయి ముందుగా కట్టాలనీ, కట్టకపోతే మిక్సరు జప్తు చేయాలనీ ఉత్తర్వు రాయించారు. నేను బయట టీ చెప్పి లోపలికి వెళ్ళాను. బయటికి వచ్చేసరికి టీ ఇంకా వేడిగానే ఉంది. అంత తొందరపాటుతో ఇచ్చే తీర్పుల వల్లే ఉభయ పక్షాల మధ్య అనుబంధాలు దెబ్బతింటాయని సూర్యప్రకాశరావు గారు చాలాసేపు విచారించారు.

వీరాంజనేయులు వరండాలో మమ్మల్ని నానా మాటలూ అన్నాడు. లోపలికి వచ్చి అనమని బతిమాలాం. వినలేదు. శివపార్వతి కేసును ఏమని రాయాలో తెలియక పైకి రాస్తే, "మిక్కిలి సఫలము" అని రాయమని జవాబు వచ్చింది.

తరువాత కొన్నాళ్ళకు శివపార్వతి ఒకసారి మా కేంద్రానికి వచ్చింది. పావురాల పటం తిరిగి ఇవ్వడానికి. దాన్ని బల్ల మీద పెట్టి, "మీదే. మా ఇంట్లో జాగా లేదు," అంది. వెంట లోహిత ఉంది. మొహానికి ఎర్ర ఫ్రేము కళ్ళద్దాలు. కొత్తవి కాబట్టి మాటిమాటికీ ముక్కు మీదికి తోసుకుంటోంది.

గడప దగ్గర నిలబడే పిల్ల ఎదుటి గోడకేసి చూసింది. మెడ చాచలేదు, కళ్ళు చికిలించలేదు. "ఇక్కడ ఇద్దరూ గెలుస్తారు," అని గడగడా చదివేసింది. చదివి, కొంచెం ఆలోచించి, తల్లి చెయ్యి పట్టుకుంది.

"అమ్మా, ఇద్దరంటే మనిద్దరమేనా?"

"మనమేనే. పద, బడికి టైమయింది," అంది శివపార్వతి.

ఆ బోర్డు అర్థం అది కాదని, అది ఉభయ పక్షాలకూ సంబంధించినదని సూపరింటెండెంటుగా నేను చెప్పి ఉండాల్సింది. చెబుదామని నోరు కూడా తెరిచాను. వాళ్ళప్పటికే వరండా దాటిపోయారు. ఆ మాట గదిలోనే ఉండిపోయింది.